శరభకూటం గాదెలో మూడు ఘడియలు

గంధవతీ నగరపు అంగడిలో ఒక ఉదయం పోయినవి మూడు ఘడియలు, తొమ్మిది మంది మనుషులు. మనుషులు పోయిన సంగతి ఊరంతటికీ తెలుసు. ఘడియలు పోయిన సంగతి నాకొక్కడికే తెలుసు. నా పేరు దామిశెట్టి. ముప్పై ఏళ్ళుగా కర్పూరం వర్తకుణ్ణి. పోయిన తొమ్మిది మందిలో నా భార్య పేరిందేవి ఒకతె.

కర్పూరం గాలికి తరిగిపోయే సరుకు. ఉదయం మూత తీసిన ముద్ద నడిపొద్దుకు ఎంత తరుగుతుందో కళ్ళు మూసుకుని చెప్పగలను. ఆ రోజు సూర్యుడు నడినెత్తికి వచ్చాడు గాని కర్పూరం తరగవలసినదాంట్లో సగమే తరిగింది. మూడుసార్లు తూచాను. మూడుసార్లూ అదే తేలింది. అంటే ఆకాశంలో పొద్దు నడిచింది, అంగడిలో నడవలేదు. మధ్యలో ఒక ముక్కను ఎవరో కోసి పట్టుకుపోయారు. మిగిలినవాళ్ళకు అది రెప్పపాటులా తోచింది. ఆ క్షణాన కొలతల అరుగు మీద ఉన్న తొమ్మిది మందీ ఆ ముక్కతోపాటే పోయారు.

మా రాజుగారు నా మాట నమ్మలేదు. ఆయన భాండాగారంలో మూలపడి ఉన్న పాత యంత్రం మాత్రం నమ్మింది. దాని పేరు కాలనాడి. మూరెడు వెడల్పున్న కంచు తొట్టి, మధ్యలో అడ్డగోడ. ఎడమవైపు మామూలు బావినీరు. కుడివైపు అచలపర్వతం గుహలో ఊరే నీరు. ఆ నీటికి కాలం అంటదని ప్రతీతి. రెండింటి మీదా అడుగున సన్నని బెజ్జమున్న చిన్న గిన్నెలు తేలుతుంటాయి. ఆరు ఊపిరులు తీసేంతలో, అంటే ఒక విఘడియలో, గిన్నె నిండి మునిగి తొట్టి అడుగుకు తగిలి ఠంగుమంటుంది. కాలం సాఫీగా నడిచే చోట రెండు గిన్నెలూ ఒక్కసారే మునిగి ఒకే మోత వినిపిస్తుంది. కాలాన్ని ఎవరైనా కెలికిన చోట మోతలు రెండవుతాయి. ఆ రెండింటి మధ్య ఎడం ఎంత పెరిగితే దొంగ అంత దగ్గర.

ఎటు వెళ్ళాలో యంత్రం చెప్పకముందే నేను చెప్పాను. మూడు నెలలుగా బేరమాడకుండా బస్తాలకు బస్తాలు కర్పూరం కొంటున్నది ఒక్క శరభకూటం కోట. బేరమాడనివాడికి సరుకుతో గట్టి అవసరం ఉందని అర్థం. ఆ అవసరమేమిటో బయటికి చెప్పుకోలేడని కూడా అర్థం. రాజుగారు తన కొడుకు వజ్రాంగదుణ్ణి నాకు తోడిచ్చారు. పన్నెండు రోజులు ఉత్తరంగా నడిచాం. ప్రతి మజిలీలోనూ గిన్నెల మోతల మధ్య ఎడం పెరుగుతూనే వచ్చింది.

యువరాజుకు ఇరవై రెండేళ్ళు. ఎదురుగా గోడ కనిపిస్తే తలుపు వెతకడు, కత్తి దూస్తాడు. నేను తూర్పు దీవుల వర్తకుడి వేషం వేసి మీసం, తల నున్నగా గీయించుకున్నాను. ఆయనకు మసి పూసి, గోచీ పెట్టించి, నా బస్తాలు మోసే పైడిగాణ్ణి చేశాను. వేలికున్న రాజముద్రిక తీయమంటే మాత్రం తీయనన్నాడు. గుడ్డపీలిక చుట్టి దాచాం.

పదమూడో రోజు పొద్దెక్కేసరికి శరభకూటం కనుమలోకి వచ్చాం.

అక్కడ దారి ఒక జలపాతం కింది నుంచి పోతుంది. ఆ జలపాతం నిలబడి ఉంది. నూరడుగుల ఎత్తు నుంచి దూకిన నీరు దూకినట్టే ఆగిపోయి, స్ఫటికపు తెరలా వేలాడుతోంది. తుంపరలన్నీ తెగిన హారంలోని ముత్యాల్లా గాలిలోనే నిలిచాయి. వాటి మధ్య ఇంద్రధనుస్సు కదలక మెదలక రంగులద్దిన కమానులా ఉంది. చేపను ముక్కున కరిచిన లకుముకి పిట్ట ఒకటి, రెక్కలు విప్పుకుని, నీటికి జానెడు పైన ఆగిపోయింది. జలపాతానికి ఆవలి అంచున ముగ్గురు భటులు బల్లేలు ఎత్తి మావైపు పరుగెత్తుతూ, ఒంటికాలి మీద శిలల్లా నిలిచి ఉన్నారు.

యువరాజు ఒక రాయి విసిరాడు. అది పది అడుగులు పోయి గాలిలో ఆగింది.

"చూశావా శెట్టీ, మనం అడుగు పెడితే మనమూ అంతే. చుట్టూ తిరిగి పోదాం."

"చుట్టూ తిరిగితే ఇంకో ఎనిమిది రోజులు దొరా. రాతి దగ్గర అడిగి లాభం లేదు. గిన్నెల్ని అడుగుదాం."

అంచున కూర్చుని కాలనాడిని దించాను. మోతల మధ్య ఐదు ఊపిరుల ఎడం. గిన్నెలు మళ్ళీ తేల్చాను. నాలుగు. మళ్ళీ తేల్చాను. మూడు. తరవాత రెండు, ఒకటి. ఆ తరవాత రెండు గిన్నెలూ ఒక్కసారిగా ఠంగుమన్నాయి. ఆ వెంటనే జలపాతం భోరుమని కూలింది. లకుముకి పిట్ట తుర్రుమంది. యువరాజు విసిరిన రాయి టపుక్కున నేల మీద పడింది. భటులు ఇంకో పాతికడుగులు మాకేసి పరుగెత్తుకొచ్చారు. ఆరు ఊపిరులు గడిచాక అంతా మళ్ళీ ఎక్కడిదక్కడ బిగుసుకుంది. గిన్నెలు తేల్చి చూస్తే ఎడం మళ్ళీ ఐదు.

"అర్థమైందా దొరా? బిగించిన కాలం కూడా ఊపిరి తీసుకోక తప్పదు. మోతలు కలిసినప్పుడు ఒక విఘడియ సేపు దారి తెరుచుకుంటుంది. దూరం అరవై అడుగులు. ఊపిరికి పది అడుగులు."

"మరి ఆ ముగ్గురు?"

"వాళ్ళకూ అదే విఘడియ. మీరున్నది వాళ్ళ కోసమే కదా."

ఆ మాట ఆయనకు నచ్చింది. నేను యంత్రాన్ని వీపుకు కట్టుకున్నాను. మూడు కర్పూరపు బస్తాలనూ యువరాజు ఎత్తుకున్నాడు. ఎడం ఒకటికి తగ్గిన దగ్గర నుంచి ఊపిరులు లెక్కపెట్టి, జలపాతం కదిలిన క్షణాన దూకాం. మొదటి భటుడి బల్లేన్ని యువరాజు బస్తాతో కాచుకుని, అదే బస్తాతో వాణ్ణి లోయలోకి నెట్టాడు. ఆ విధంగా మూడు బస్తాలు రెండయ్యాయి. రెండోవాణ్ణి కాలితో తన్నాడు. మూడోవాడు యువరాజు తలపాగా కొసను పట్టుకున్నాడు. అప్పటికి నేను ఐదో ఊపిరిలో ఉన్నాను, అవతలి గట్టు మీద ఉన్నాను. ఆయన గట్టుకు ఒక అడుగు ఇవతల ఉన్నాడు. ఆరో ఊపిరితో ఆయనా గట్టెక్కాడు. భటుడు బిగుసుకున్నాడు. వాడి పిడికిట్లోని తలపాగా కూడా ఇనుపరేకులా బిగుసుకుని, యువరాజు మెడను వెనక్కి లాగింది. నేను మొలలోని చాకు తీసి గుడ్డను తెగ్గోశాను. యువరాజు నామీద పడ్డాడు.

"మంచి తలపాగా," అన్నాడు రొప్పుతూ.

"మెడ అంతకంటే మంచిది, దొరా. లేవండి."

శరభకూటం తూర్పు ద్వారం ఏడు నిలువుల ఎత్తు. తలుపుల నిండా రాగి సింహాలు, వాటి కళ్ళలో కెంపులు. కావలివాడు మమ్మల్ని ఆపలేదు సరికదా, కర్పూరం వాసన తగలగానే ఎదురు వచ్చాడు.

"ఏ ఊరయ్యా మీది?"

"తూర్పు దీవులు. పచ్చకర్పూరం, రెండు బస్తాలు."

"సమయానికి వచ్చావు. నిన్న రావలసిన వర్తకుడు రాలేదు. లోపల కొలగాడు గాదె తెరిచి కూర్చున్నాడు. ఇవాళ ప్రభువుల జన్మదినం, మూడు కుంచాల కొలత. ఊఁ, నడు నడు. వీడెవడు?"

"మా పైడిగాడు. కొంచెం మందమతి."

యువరాజు నావైపు చూసిన చూపుకు నేను మసైపోవలసింది.

"ఒరేయ్ పైడిగా, బస్తా సరిగా ఎత్తుకో," అన్నాను. ఎత్తుకున్నాడు.

కావలివాడి మాటల్లో నాకు కావలసినవి రెండు దొరికాయి. కర్పూరం ఎందుకో తెలిసింది. కర్పూరం ఎగిరిపోకుండా మేం డబ్బాలో మిరియాలు వేస్తాం. ఇక్కడ దొంగిలించిన ఘడియలు ఎగిరిపోకుండా కర్పూరం వేస్తున్నారు. రెండోది, కొలత ఇప్పటికే మొదలైంది. మూడు నెలల కర్పూరం మా ఊరొక్కదానికే అయ్యుండదు, కాబట్టి అది ఏ ఊరి గాదె అన్నదే తేలాలి.

కొలువుకూటంలో అడుగు పెట్టగానే తేలిపోయింది.

దంతపు స్తంభాలు, నెమలికంఠపు రంగు నేల, పైకప్పు నిండా వెండి తారలు. గోడల వెంట మనిషికి రెండింతల ఎత్తున లక్కపూత పూసిన పన్నెండు గాదెలు. ఒక్కొక్క గాదె మీద ఒక్కొక్క ఊరి చిహ్నం. మా గంధవతి చిహ్నం సంపెంగపువ్వు. ఆ గాదె మూతే తీసి ఉంది.

ఎత్తైన సింహాసనం మీద శరభకూటం ప్రభువు ఉగ్రశరభుడు కూర్చున్నాడు. ఆయనకు తొంభై ఏళ్ళని మా తాతలు చెప్పుకునేవారు. చూడబోతే పాతికేళ్ళ పెళ్ళికొడుకులా ఉన్నాడు. ఆయన పక్కన మోకాళ్ళ దాకా జడలు, మెడలో పుర్రెల పేరు, చేతిలో పాముపడగ దండంతో మాంత్రికుడు జటామండుడు నిలబడి, ఎర్రని కళ్ళు తిప్పుతూ మంత్రాలు గొణుగుతున్నాడు. గాదె దగ్గర ఎవరూ పట్టించుకోని బక్కచిక్కిన ముసలాడు ఒకడు, తెల్లపంచెతో, చేతిలో ఇత్తడి కుంచంతో. అతడే కొలగాడు.

కొలగాడు కుంచాన్ని గాదెలో ముంచాడు. పైకి తీసినప్పుడు అందులో ఉన్నది ధాన్యం కాదు. ఎండలో ఎగిరే బంగారు నలుసుల్లాంటి వెలుగుపొడి. అందులోంచి చాలా దూరాన అంగడి రొద వినవచ్చింది. గాజులమ్మే కేక ఒకటి, ఎద్దు మెడలో గంట ఒకటి. కొలగాడు చేత్తో కుంచం తలను చదునుగా కోసి, మెట్లెక్కి, ప్రభువు నెత్తిన పోశాడు. ఉగ్రశరభుడి కణతల దగ్గర మిగిలిన నాలుగు తెల్లవెంట్రుకలు నల్లబడ్డాయి.

కుంచానికొక ఘడియ చొప్పున మూడింట్లో ఒకటి అయిపోయింది. గాదె ఖాళీ అయితే లోపలున్న తొమ్మిది మందికీ నిలబడడానికి క్షణం మిగలదు.

యువరాజు చెయ్యి బస్తా కింద దాచిన కత్తి మీదికి పోయింది. ఇద్దరం ముందే అనుకున్న మాట అది. మాంత్రికుణ్ణి నరికేస్తే మంత్రం వీగిపోతుంది, గాదెలు వాటంతటవే తెరుచుకుంటాయి. జటామండుడు ఆయనకు ఎనిమిది అడుగుల దూరంలో వీపు తిప్పి నిలబడ్డాడు. అంతకంటే మంచి అదను దొరకదు.

అప్పుడు కొలగాడి చెయ్యి ఒక పని చేసింది. కుంచం బోర్లించాక, మళ్ళీ గాదెలోకి వంగి, మూడు వేళ్ళతో చిటికెడు పొడి తీసి, ప్రభువు తల మీద వేసి, చెయ్యి దులుపుకున్నాడు.

కొసరు.

నేను యువరాజు పాదం మీద నా మడమ పెట్టి గట్టిగా తొక్కాను.

ఇది రాజులకు, యోధులకు తెలిసే సంగతి కాదు. కొసరు వేసే హక్కు సరుకు సొంతదారుడిది. కూలికి కొలిచేవాడు ఒక్క గింజ కూడా పైన వేయడు. వేయాలంటే యజమాని కళ్ళలోకి చూసి, ఆయన తలూపితే వేస్తాడు. ఈ ముసలాడు జటామండుడి వైపు చూడలేదు, ప్రభువు వైపూ చూడలేదు. తన సొమ్ములోంచి తాను వేసినట్టు వేశాడు. జడలు, పుర్రెలు, ఎర్రకళ్ళు అన్నీ అంగడి ముందు వేలాడదీసిన రంగుగుడ్డలు. సరుకూ దుకాణమూ ఈ తెల్లపంచెవాడివి.

"ఎందుకు ఆపావు?" అన్నాడు యువరాజు పళ్ళ సందున.

"తప్పు మనిషిని చంపబోతున్నారు. ఆ జడలవాడు చచ్చినా మంత్రం వీగిపోదు. నోరు మూసుకుని బస్తా దించండి."

కొలగాడు మమ్మల్ని చేత్తో పిలిచాడు. కర్పూరం ఒక పలుకు తీసి నలిపి చూసి, "పచ్చిది. బాగుంది. ధర?" అన్నాడు.

నేను భుజం మీది ఉత్తరీయం తీసి అతడి కుడిచేతి మీద కప్పాను. పశువుల సంతలో గాని గంధపు వీధిలో గాని బేరం ఇలాగే జరుగుతుంది. ధర నోటితో చెప్పరు. గుడ్డ కింద వేళ్ళు పట్టుకుని చెబుతారు, పక్కవాడికి తెలియదు. ముసలాడి కళ్ళలో ఏదో పాత సంతోషం మెరిసింది. చాలాకాలమైందనుకుంటాను, ఎవరైనా అతడితో ఇలా బేరమాడి. అతడి వేళ్ళు నా వేళ్ళను వెతుక్కున్నాయి. నేను ధర చెప్పలేదు. మణికట్టు పట్టుకుని నాడి చూశాను. నాడి లేదు. ఎండిన కట్టెలా ఉంది.

"సరుకు తమరిదని తెలిసింది," అన్నాను మెల్లగా, పెదవులు కదపకుండా. "ప్రభువుకు తెలుసా?"

అతడు కూడా ధర ఆలోచిస్తున్నట్టు ముఖం పెట్టి, అలాగే మెల్లగా, "ఎవడికీ తెలియదు. ఎలా కనిపెట్టావు?" అన్నాడు.

"కొసరు వేశారు."

ముసలాడు ఒక్క క్షణం తన చేతివంక చూసుకున్నాడు. "మూడువందల ఏళ్ళ కిందట వడ్ల కొట్టులో కొలిచేవాణ్ణి. అన్నీ మానగలిగాను, ఇది మానలేకపోయాను. ఏం కావాలి?"

"ఈ గాదెలో ఉన్న తొమ్మిది మంది."

"నీ ఆయుష్షులో ముప్పై ఏళ్ళు ఇయ్యి."

"నాకు ఇప్పుడు యాభై రెండు. ఇంకా ముప్పై ఉన్నాయో, మూడున్నాయో నాకు తెలియదు. ఉందో లేదో తెలియని సరుకు నేను అమ్మను."

అతడు నవ్వాడు. బేరం తెలిసినవాడి నవ్వు. "అయితే విను. గాదెలో ఇంకా రెండు కుంచాలున్నాయి. ప్రభువు చూస్తున్నాడు, నేను కొలత ఆపను. కర్పూరం అడుగున సర్దడానికి వర్తకుడు లోపలికి దూరడం మామూలే, ఎవరూ అనుమానించరు. కింద పలక ఎత్తితే దారి ఉంటుంది. రెండు కుంచాలు కొలిచేలోగా ఎంతమందిని తెచ్చుకుంటే అంతమందీ నీవాళ్ళు. రాలేకపోతే నీ మిగిలిన ఆయుష్షు, అది ముప్పయ్యో మూడో, నా గాదెలో పడుతుంది."

అతడికి రెండువైపులా లాభం. నాకు ఒకవైపే. అయినా ఆ కొట్టులో అమ్మకానికి ఉన్నది అదొక్కటే.

"కుదిరింది," అన్నాను. "మరి కొసరు?"

అతడి వేళ్ళు గుడ్డ కింద తడబడ్డాయి. బేరం కుదిరాక కొసరు అడిగితే కాదనడం వాళ్ళ తాతముత్తాతల్లో ఎవరికీ చేతకాలేదు. "అడుగు."

"పలక నా మనిషి పట్టుకుంటాడు. మీవాళ్ళు కాదు. నేను బయటికి వచ్చేదాకా వాడి చేతిలోంచి ఎవరూ తీసుకోకూడదు."

"అంతేనా? పట్టుకోనీ." ఈసారి నవ్వు ఇంకా పెద్దది. ఎందుకంత నవ్వు అని నేను అప్పుడే అడిగి ఉండవలసింది. అడగలేదు. వ్యాపారంలో అది నా తప్పు.

గాదె అడుగున పక్కగోడకు, పైకి జరిపితే తెరుచుకునే పలక ఒకటి, మూరెడు వెడల్పు, నిలువు మనిషి వంగి దూరేంత ఎత్తు. యువరాజు దాన్ని రెండు చేతులా పైకి లేపి నిలబడ్డాడు. నేను యంత్రం ఆయన పాదాల దగ్గర పెట్టి, "మోతల మధ్య ఎడం ఆరు ఊపిరులకు వస్తే గాదె ఖాళీ అవుతున్నట్టు. కేక వేయండి," అన్నాను.

"వదలను. వెళ్ళు శెట్టీ."

కర్పూరం బస్తా ముందుకు తోసి, వెనకనే దూరాను.

అవతల పదమూడు రోజుల కిందటి ఉదయం. ఏటవాలు ఎండ, తడిపిన నేల వాసన, సంపెంగల గంపలు. నేను ఎప్పుడూ చూడని సన్నని సందులోంచి కొలతల అరుగు ముందుకు వచ్చాను. అరుగు మీద తొమ్మిది మందీ ఏమీ జరగనట్టే ఉన్నారు. గాజులవాడు, తమలపాకుల సుబ్బి, ఇద్దరు కుమ్మర్లు, నెయ్యి తెచ్చిన ముగ్గురు గొల్లలు, కూర్చున్న చోటు నుంచి పదేళ్ళుగా లేవని సుంకరి రేచన, మధ్యలో పేరిందేవి. చేతిలో త్రాసు. ఒక గొల్లవాడి మెడ వంచేలా బేరమాడుతోంది.

తూర్పున చూశాను. అంగడి అటు లేదు. గుండ్రని కుంచం అంచుతో కోసినట్టు ఇళ్ళూ వీధీ తెగిపోయి, ఆ ఆవల తెల్లని శూన్యం. నేను చూస్తుండగానే పైనుంచి ఏదో దిగి, రెండో వీధిని ముంచుకుపోయింది. చప్పుడు లేదు. రెండో కుంచం మొదలైంది.

"అమ్మా, అందరూ నా వెంట రండి. ఈ అంగడి పోతోంది," అన్నాను.

పేరిందేవి నన్ను తేరిపార చూసింది. నున్నని గుండు, మీసం లేని మొహం, దీవుల జుబ్బా.

"గొంతు చూస్తే మా ఆయన గొంతులా ఉంది," అంది సుబ్బితో. "మొహం చూస్తే గీసిన కొబ్బరికాయ. ఏం నాయనా, మమ్మల్ని లేపి అరుగు నువ్వు ఆక్రమిద్దామనా?"

"పేరీ, నేనే."

"మా ఆయన నన్ను బజార్లో పేరు పెట్టి పిలవడు. నిన్నెవరో తప్పు నేర్పి పంపారు."

అది నిజమే. ముప్పై ఏళ్ళలో ఎప్పుడూ పిలవలేదు. నమ్మించడానికి మొదలుపెడితే ఈమె ఒక్కొక్క మాటకూ సాక్ష్యం అడుగుతుంది. పోనీ ఆమెను ఒప్పించినా తూకం మధ్యలో లేచి రాదు. మిగిలిన ఎనిమిది మందీ తమ సరుకు వదిలి రారు. తొమ్మిది మందికి తొమ్మిది మాటలు చెప్పే వ్యవధి నా దగ్గర లేదు. అందరికీ సరిపోయే మాట ఒకటే కావాలి.

నేను పేరిందేవి చేతిలోని త్రాసు లాక్కుని పరుగెత్తాను.

"దొంగ. పట్టుకోండిరా," అంది పేరిందేవి. అరవలేదు, ఆజ్ఞ ఇచ్చింది. గొల్లలు ముగ్గురూ ముందు లేచారు, నెయ్యి తూకం ఆ త్రాసులోనే సగం ఉంది మరి. కుమ్మర్లు కర్రలు తీశారు. గాజులవాడూ సుబ్బీ వాళ్ళ వెనక. సుంకరి రేచన మాత్రం కదల్లేదు. నేను పరుగెడుతూనే తల తిప్పి, "రేచనా, ఇది సుంకం కట్టని త్రాసు. సందులో ఇంకా రెండు బండ్లున్నాయి," అన్నాను. పదేళ్ళలో మొదటిసారి రేచన లేచాడు.

వెనక వీధి మూరలు మూరలుగా మాయమవుతోంది. ఎవరూ వెనక్కి చూడడం లేదు. దొంగను తరిమేవాడు ముందుకే చూస్తాడు. గొల్లవాడి కర్ర ఒకటి నా వీపు మీద పడింది. మంచిదే, దగ్గరకు వస్తున్నారన్నమాట. సందులోకి మళ్ళాను. చివర చదరంగా శరభకూటం వెలుగు కనిపించింది.

పలక కింద ఒక చెయ్యి.

ముడతలు పడి, నరాలు తేలి, గోళ్ళు పసుపెక్కిన ముసలి చెయ్యి. చుట్టిన గుడ్డపీలిక చివికి రాలిపోయి, వేలికి రాజముద్రిక వదులుగా వేలాడుతోంది. గాదెలోంచి కారే ఘడియలన్నీ ఆ చేతి మీదుగా పోతున్నాయి. కొలగాడు ఎందుకు నవ్వాడో అప్పుడు తెలిసింది. పలక ఒక జానెడు కిందికి జారింది. వేళ్ళు బిగిశాయి. జారడం ఆగింది.

"శెట్టీ." గొంతు కూడా తాతగారి గొంతే. "మూడో కుంచం ముంచుతున్నాడు. ఎడం ఐదుంపావు. రా."

నేను పక్కకు తప్పుకున్నాను. నన్ను పట్టుకోవాలని దూసుకొచ్చిన గొల్లలు ముగ్గురూ అదుపు తప్పి పలక కింది నుంచి అవతలికి దొర్లారు. కుమ్మర్లను మెడ పట్టి నెట్టాను. సుబ్బి, గాజులవాడు. రేచన ఇరుక్కుంటే వెనక నుంచి తన్నాను.

"అయ్యారా?" అన్నాడు యువరాజు. "సరిగా లెక్క చూసి చెప్పు. ఒకసారి వదిలితే మళ్ళీ ఎత్తే చెయ్యి కాదిది."

లెక్క చూశాను. ఎనిమిది.

వెనక్కి తిరిగాను. సందు మధ్యలో పేరిందేవి మోకాళ్ళ మీద కూర్చుని ఉంది. నేను పరుగెత్తేటప్పుడు త్రాసులోంచి తూనికరాళ్ళు రాలిపోయాయి. ఒక్కొక్కటే వెతికి, దుమ్ము ఊది, కొంగులో వేసుకుంటోంది. ఆమెకు పది బారల వెనక సందు తెగిపోయి ఉంది.

"ఇంకా రెండు కనిపించడం లేదు," అంది, తల ఎత్తకుండా.

త్రాసు దండెను పలక కింద నిలువుగా దోపాను. కర్ర కిర్రుమంది, కాని నిలబడింది.

"మళ్ళీ ఎక్కడికి శెట్టీ?"

"ఒకటి తక్కువైంది, దొరా," అని, కరిగిపోతున్న అంగడి వైపు పరుగెత్తాను.